సైకిల్ ‘తొక్కడం’ మొరటు మాటా? ఫ్లెక్స్ మీద ఏం రాయాలో చెప్పండి

మైపాడు_రోడ్డు (నెల్లూరు) · రాత్రి 8:10

అందరికీ నమస్కారం. జూన్ 3 ప్రపంచ సైకిల్ దినోత్సవం. ఐక్యరాజ్యసమితి 2018లో ప్రకటించింది. మా వాకింగ్ బ్యాచ్ వాళ్ళం ఆ రోజు తెల్లవారుజామున నెల్లూరు నుంచి మైపాడు బీచ్ దాకా సైకిళ్ళ మీద పోదామనుకున్నాం. సుమారు పాతిక కిలోమీటర్లు. ఎండెక్కేలోపు చేరిపోవాలని ప్లాను.

ఫ్లెక్స్ కొట్టించే పని నాకు పడింది. ‘మైపాడు దాకా సైకిల్ తొక్కుదాం రండి’ అని రాసి గ్రూపులో పెట్టా. అంతే, రచ్చ మొదలైంది. ‘తొక్కుదాం’ మొరటుగా ఉందంట. ఒకాయన ‘సైకిల్ సవారీ’ అంటాడు. రిటైరైన ఆఫీసరు గారొకరు ‘ద్విచక్ర చాలన యాత్ర’ అని రాసి పంపించారు (ఆయన్ని ఏమీ అనలేను, టిఫిన్ల ఖర్చు ఆయనదే). కుర్రాళ్ళేమో ‘సైకిల్ రైడ్’ అని పెట్టేసి వదిలెయ్యమంటారు.

నాకు మాత్రం తొక్కడం తప్ప ఇంకో మాట నోటికి రావడం లేదు. ఇందులో తప్పేంది? ఇంకా మంచి మాట మన దగ్గర ఏదైనా ఉందా? ఫ్లెక్స్ షాపాయన రేపు సాయంత్రంలోపు మ్యాటర్ ఇమ్మన్నాడు.


బెంగళూరు_నెల్లూరోడు · రాత్రి 8:22

రైడ్ అని పెట్టేయ్ అన్నా, టెన్షన్ ఉండదు. ‘తొక్కుదాం రండి’ అంటే ఎవర్ని అని అడుగుతారు 😀

నిజంగానే ఆ మాటకు మంచి పేరు లేదు. తొక్కిసలాట, అణగదొక్కడం, ఫైలు తొక్కిపెట్టడం, అడ్డదారులు తొక్కడం. ఒక్క మంచి పని చూపించు చూద్దాం. ‘అడుసు తొక్కనేల, కాలు కడగనేల’ అని సామెత కూడా ఉండాది.


పెన్నాగట్టు · రాత్రి 9:05

బెంగళూరు తమ్ముడు చెడ్డవన్నీ ఏరి ఒకచోట పెట్టాడు. మంచివి నేను చెప్తాను. ఉద్యోగమంతా తెలుగు పాఠం చెప్పడంలోనే గడిచింది కాబట్టి కాస్త పొడుగవుతుంది, ఓర్చుకోండి.

సోమశిల గేట్లు ఎత్తితే మరుసటి రోజు పేపర్లో ఏం రాస్తారు? ‘పెన్నా పరవళ్ళు తొక్కుతోంది’ అని. ఆ మాట చదివి నెల్లూరు రైతు సంతోషపడతాడే గాని మొరటుగా ఉందనడు. ఊరేగింపులో జనం ‘కదం తొక్కారు’ అంటారు. ఏ రంగమైనా బాగుపడుతుంటే ‘కొత్త పుంతలు తొక్కుతోంది’ అంటారు. పుంత అంటే పొలాల మధ్య బండ్లు పోయే దారి. ఇప్పుడు ఆ పుంతల మీద తారు పడి మాట పేపర్లలో మాత్రమే మిగిలింది, అది వేరే కథ. అదృష్టం కలిసొచ్చినవాణ్ణి ‘నక్కతోక తొక్కాడు’ అంటాం. ఆడపిల్లలు ఆడేది తొక్కుడుబిళ్ళ. బందరు నుంచి చుట్టాలు తెచ్చేది తొక్కుడు లడ్డు. ఇంట్లో జాడీలో ఉండేది చింతకాయ తొక్కు. ఈ చివరి రెండింట్లో తొక్కడమంటే రోట్లో వేసి దంచడం. కాలితో పనిలేదు, నిశ్చింతగా తినండి.

కుమ్మరి మట్టి తొక్కకపోతే కుండ లేదు. దమ్ము చేసిన మడిలో పచ్చి ఆకు వేసి తొక్కకపోతే, ఎరువుల బస్తాలు రాకముందు, మొలగొలుకుల వడ్లు పండింది లేదు. ఈ జిల్లా అన్నం తిన్నది ఆ మాట మీదనే.

పాత కావ్యాల్లో ఇది ‘త్రొక్కు’. త్రాగు తాగు అయింది, త్రోవ తోవ అయింది, త్రవ్వు తవ్వు అయింది. అట్లాగే ఇదీ రావొత్తు వదిలేసుకుంది. ఈ మాట ఉన్న బ్రౌన్ తెలుగు నిఘంటువు అచ్చయింది 1852లో. పెడళ్ళున్న సైకిలు పారిస్‌లో వాడుకలోకి వచ్చింది 1860లలో. అంటే మాట ముందు నుంచీ ఉంది, బండి తర్వాత వచ్చింది. మనవాళ్ళు బండిని చూశారు, దాని మీద కూర్చున్నవాడి కాళ్ళు ఏం చేస్తున్నాయో చూశారు, ఉన్న మాటను అతికించారు. కమిటీ వేయలేదు, పదకోశం రాయలేదు.

ద్విచక్ర చాలనం సూచించిన పెద్దమనిషికి నా నమస్కారాలు.


తడ_చెక్‌పోస్టు · రాత్రి 9:18

మాది సరిహద్దు. మా ఇళ్ళల్లో రెండు భాషలూ నడుస్తాయి. తమిళంలో సైకిలుకు సర్కారు వాడే పేరు ‘మిదివండి’. మిది అంటే తొక్కు, వండి అంటే బండి. స్కూలు పుస్తకాల్లో, ప్రభుత్వ కాగితాల్లో అదే ఉంటుంది. వాళ్ళకు మొరటనిపించలేదు మరి. మాటల్లో మాత్రం ‘సైకిల్ ఓట్టు’ అంటారు. ఓట్టడమంటే నడపడం. కారుకూ బస్సుకూ అదే మాట. మన తెలుగులో రెంటికీ వేరు వేరు మాటలున్నాయి.


బెంగళూరు_నెల్లూరోడు · రాత్రి 9:24

ఇక్కడ కన్నడంవాళ్ళు కూడా ‘సైకల్ తుళి’ అంటారు. తుళి అంటే తొక్కడమే. సరే, నేను సగం ఒప్పుకున్నా. సవారీకి ఏమైంది మరి? వినడానికి బాగుంది.


పెన్నాగట్టు · రాత్రి 9:40

సవారీ ఉర్దూ నుంచి వచ్చింది, గుర్రమెక్కి పోవడం. మన వైపు పల్లకీకీ, గూడు కట్టిన ఎడ్లబండికీ కూడా ఆ పేరు ఉండేది. సవారీ బండిలో పెళ్ళికూతుర్ని తీసుకొచ్చారనేవాళ్ళు. ఎక్కడైనా చూడు, సవారీలో మనిషి కూర్చుంటాడు, మోసేదీ లాగేదీ ఇంకొకరు. మైపాడు దాకా మిమ్మల్ని ఎవరు మోస్తారు?


మెట్టపొలం (కనిగిరి) · రాత్రి 10:02

పెద్దాయన సరైన చోట పట్టుకున్నారు. మా మెట్ట ప్రాంతంలో మాకు ఈ తేడా పుట్టుకతోనే తెలుసు. బావిలోంచి నీళ్ళు తోడే పద్ధతులు రెండుండేవి. యాతం ఒకటి, కపిల ఒకటి. యాతం మాను మీద మనిషి నిలబడి ముందుకూ వెనక్కూ నడిస్తే ఆ బరువుకు బొక్కెన దిగుతుంది, లేస్తుంది. కపిలకు ఎద్దులు కట్టి వాలులో కిందికి దించితే తోలుబాన పైకొస్తుంది.

ఇప్పుడు మాట చూడండి. యాతం తొక్కుతారు. కపిల తోలుతారు. యాతం తోలినోడు లేడు, కపిల తొక్కినోడు లేడు.

సత్తువ మన కాలిదైతే తొక్కడం. సత్తువ ఇంకొకదానిది, దారి చూపడం మాత్రమే మనదైతే తోలడం. ఎద్దులబండి తోలతాం. లారీ వచ్చింది, ఎద్దులు పోయి ఇంజను వచ్చింది గానీ మాట మారలేదు, లారీ కూడా తోలతాం. ట్రాక్టరు, మోటారు సైకిలు అన్నీ తోలడమే. సైకిలొక్కటే తొక్కడం, దానికి ఎద్దూ లేదు ఇంజనూ లేదు.

కళ్ళంలో రెండు మాటలూ ఒకే చోట కనపడతాయి. బంతి కట్టి ఎద్దుల్ని తోలేది మనిషి, గింజ రాలేట్టు తొక్కేది ఎద్దులు. అందుకే ‘తొక్కించాం’ అంటారు, ‘తొక్కాం’ అనరు.


చీరాల_నాడె · రాత్రి 10:15

బాగా చెప్పావన్నా. మా దగ్గర బండి ‘తోలడం’ కన్నా ‘నడపడం’ ఎక్కువ వినపడుతుంది. కనిగిరి, పొదిలి వైపు చుట్టాలొస్తే ‘తోలడం’ వినపడుతుంది. తోలడమంటే మా ఇంట్లో పిల్లలు పందుల్ని, కాకుల్ని తోలడమే అనుకుంటారు. సైకిల్ మాత్రం ఇక్కడా తొక్కడమే.


మార్కాపురం_పలక · రాత్రి 10:31

తేడా ఉండక ఏమవుతుంది? 1970లో మా ఒంగోలు జిల్లా కట్టినప్పుడు ఒంగోలు, చీరాల, అద్దంకి గుంటూరు నుంచి తెచ్చారు. కందుకూరు, కనిగిరి, దర్శి, పొదిలి నెల్లూరు నుంచి తెచ్చారు. మమ్మల్నీ గిద్దలూరునీ కర్నూలు నుంచి తెచ్చారు. 1972లో ప్రకాశం పంతులు గారి పేరు పెట్టారు. పేరు ఒకటైంది గానీ నోళ్ళు మూడు. 2022లో మళ్ళీ ముక్కలు కోశారు. మాట మాత్రం జీఓ చూసుకుని మారదు కదా.

మా వైపు ‘గాలి తోలుతోంది’ అని కూడా అంటాం. చలికాలం పొద్దున్నే వింటే ఎవరో గాలిని ఎద్దుల్లాగా తోలుకొస్తున్నట్టే ఉంటుంది.


గాలిపంపు (కోవూరు) · రాత్రి 10:48

నాది సైకిల్ షాపు. మా నాయన పెట్టింది. మీరందరూ పెద్ద పెద్ద విషయాలు మాట్లాడుతున్నారు గానీ అసలు ఒకటి గమనించండి. జనం మాటల్లో తొక్కడం అనేది మీరనుకున్నంత ఎక్కువ రాదు.

పొద్దున షాపు తీసినాక ఒకాయన వస్తాడు. “బుచ్చికి పోవాల, గాలి కొట్టు” అంటాడు. “యాడికి పోయినాడు మీవాడు?” అంటే “సైకిలేసుకొని పొలం కాడికి పోయినాడు” అంటారు. సైకిలేసుకొని. అక్కడ తొక్కడం లేదు. పిలకాయల్ని “నీకు సైకిలొచ్చా?” అంటాం, “సైకిల్ తొక్కడం వచ్చా?” అని సాగదీసి అడగం. “వాడు సైకిలు నేర్చుకుంటున్నాడు” అంటే చాలు.

మరి తొక్కడం ఎప్పుడొస్తుంది? కాళ్ళు నొప్పి పుట్టినప్పుడు. “నెల్లూరు నుంచి ఎదురుగాలికి తొక్కొచ్చినా అన్నా, చైను చూడు బిగుసుకుపోయింది” అంటాడు. “ఆ ఎత్తు మీద నిలబడి తొక్కినా.” “డబుల్స్ తొక్కీ తొక్కీ వెనక చక్రం బెండు తిరిగింది.” కష్టం చెప్పుకునేటప్పుడు తొక్కడం వస్తుంది. ఊరికే పోయొచ్చిన సంగతయితే సైకిలేసుకొని వస్తుంది.

“కావలికి సైకిలేసుకొని పోయినాడు” అంటే పోయినాడు, అంతే. “కావలి దాకా సైకిలు తొక్కినాడు” అంటే, అబ్బో, అంత దూరమా అని నోరు తెరవాలి.

అందుకే మైపాడు దాకా తొక్కుదాం అని రాయడం కరెక్టే. పాతిక కిలోమీటర్లు, అదీ రోహిణి కార్తెలో. కష్టం ఉండాదని ముందే చెప్పినట్టు ఉంటుంది. రోళ్ళు పగిలే ఎండలంటారు, తొమ్మిదిలోపు తిరిగి రాలేరు, నా మాట వినండి. టైర్లు ముందురోజే చూపించుకోండి.


మైపాడు_రోడ్డు · రాత్రి 10:55

గాలిపంపు అన్నా, ఇది నేను అస్సలు ఆలోచించలేదు. మా ఇంట్లో కూడా ‘సైకిలేసుకొని’ అనే అంటాం. ఏసుకొనేది చొక్కా కదా, చెప్పులు కదా? సైకిల్ని ఎట్టా ఏసుకుంటాం?


చీరాల_నాడె · రాత్రి 11:01

‘సంచేసుకొని’, ‘బండేసుకొని’ అనట్లా? వెంట తీసుకుపోయేదైనా, ఎక్కి పోయేదైనా ‘ఏసుకొని’ కింద చేరిపోతుంది. ఆఖరికి “ఆ ముఖమేసుకొని వచ్చాడు” అని కూడా అంటాం. విమానమేసుకొని ఎవరూ పోరు అనుకో. మనది కానిది, మన చేతిలో లేనిది ఏసుకోలేం.


బెంగళూరు_నెల్లూరోడు · రాత్రి 11:07

నా ఫ్రెండొకడు ‘సైకిల్ నడుపుతున్నా’ అంటాడు. హైదరాబాద్‌లో పెరిగినాడు. అది తప్పా?


పెన్నాగట్టు · ఉదయం 5:50

తప్పు కాదు. పుస్తకాల్లో, వార్తల్లో అట్లాగే రాస్తారు. అయితే ఒక చిక్కుంది. టైరు పంక్చరయితే మనిషి దిగి సైకిల్ని ‘నడిపించుకుంటూ’ వస్తాడు. నడుపుతూ రావడమంటే మీద కూర్చుని, నడిపించుకుంటూ రావడమంటే పక్కన నడుస్తూ. మాట కాస్త మారితే మనిషి సీటు మీద నుంచి నేల మీదికి వచ్చాడు. తొక్కడంలో ఆ గందరగోళం లేదు. దిగినవాడు తొక్కలేడు.

మరో ముచ్చట. 1817లో జర్మనీలో కార్ల్ డ్రైస్ అనే ఆయన చేసిన రెండు చక్రాల బండికి పెడళ్ళు లేవు. మీద కూర్చుని రెండు కాళ్ళతో నేలను వెనక్కి తన్నుకుంటూ పోవడమే. అదే మన ఊరికి ముందుగా వచ్చుంటే ఈపాటికి మీ ఫ్లెక్స్ మీద ‘సైకిల్ తన్నుదాం రండి’ అని ఉండేది.


గాలిపంపు · ఉదయం 6:15

😀😀 పెద్దయ్యా, పొద్దున్నే నవ్వించారు.


ఉదయగిరి_కోట · ఉదయం 7:02

మా చిన్నప్పుడు ఊళ్ళోకి సైకిల్ ఫీట్ల వాళ్ళు వచ్చేవాళ్ళు. బడి ముందర ఖాళీ జాగాలో ఒకాయన రాత్రీ పగలూ దిగకుండా గుండ్రంగా తొక్కుతూనే ఉండేవాడు. మైకులో పాటలు, ట్యూబులైట్లు పగలగొట్టుకోవడం, పళ్ళతో బరువులు లేపడం. నీళ్ళు దాని మీదే తాగేవాడు, స్నానం దాని మీదే. రాత్రి అందరూ ఇళ్ళకు పోయినాక దిగి పడుకుంటాడేమోనని మేం పిలకాయలం దొంగతనంగా కాపలా కాసేవాళ్ళం. ఆయన్ని గురించి ఎవరూ ‘నడుపుతున్నాడు’ అనలేదు, ‘ఏసుకొని తిరుగుతున్నాడు’ అనలేదు. ‘తొక్కతానే ఉండాడు’ అనేవాళ్ళు. గాలిపంపు చెప్పిందానికి ఇది సరిపోతుంది.

తర్వాత మాకు పెద్ద సైకిళ్ళ మీద నేర్చుకోవడం. సీటెక్కితే కాళ్ళు అందవు. కడ్డీ కింది సందులోంచి కాలు అవతలికి దూర్చి, ఒళ్ళంతా ఒక పక్కకు వంచి సగం సగం తొక్కడం. దానికి మీ ఊళ్ళల్లో పేరేంది?


తడ_చెక్‌పోస్టు · ఉదయం 7:20

మా పక్క తమిళం మాట ‘కురంగు పెడల్’. కురంగు అంటే కోతి. చూసేవాడికి అట్టానే ఉంటుంది మరి.


బెంగళూరు_నెల్లూరోడు · ఉదయం 7:26

హైదరాబాద్ ఫ్రెండ్‌ని అడిగా. వాళ్ళు ‘కాంచీ’ అంటారంట. హిందీలో కత్తెరను కైంచీ అంటారు కదా, దాన్నుంచి వచ్చింది. కాళ్ళు కత్తెర మాదిరి పడతాయని.


గాలిపంపు · ఉదయం 7:40

మా షాపులో గంటలెక్కన అద్దెకు ఇచ్చేవాళ్ళం. అట్టా సందులో కాలు పెట్టి తొక్కే పిలకాయలకు మా నాయన పెద్ద సైకిలు ఇచ్చేవాడు కాదు. పెడలు వంచేస్తారని భయం. ఇప్పుడు మూడేళ్ళ బిడ్డకు కూడా వాడి సైజు సైకిలు దొరుకుతుంది, పక్క చక్రాలతో సహా. అద్దె సైకిళ్ళు అడిగేవాళ్ళే లేరు.


కందుకూరు_సెంటర్ · ఉదయం 8:05

ఫ్లెక్స్ మీద మాట సంగతి తర్వాత, బొమ్మ సంగతి చూసుకోండి. సైకిల్ బొమ్మ పెద్దదిగా వేసి, బ్యాక్‌గ్రౌండు పసుప్పచ్చ పెట్టారంటే పార్టీ ఫ్లెక్స్ అనుకుంటారు. 1982లో తెలుగుదేశం పెట్టినాక మన రాష్ట్రంలో సైకిలు ఒట్టి సైకిలు కాదు. పేపర్లో ‘ఫలానా నాయకుడు సైకిలెక్కారు’ అని వస్తే ఎక్కడికి పోయినాడని ఎవరూ అడగరు. పార్టీలో చేరినాడని అర్థం. ‘సైకిలు దిగారు’ అంటే ఎందుకో, ఎవరి మీద అలిగో మనకు తెలుసు.

చిత్రమేందంటే, ఎక్కడం దిగడం వార్త అవుతుంది. తొక్కడం కాదు. తొక్కే పని కార్యకర్తలది.


వేదిక_నిర్వహణ · ఉదయం 8:09

మాట వాడకం వరకు సరే. ఇంతకు మించి ఏ పార్టీ గురించీ వద్దు. దయచేసి విషయం మీదే ఉండండి.


మైపాడు_రోడ్డు · ఉదయం 8:30

నీలం బ్యాక్‌గ్రౌండు పెడదామనుకున్నా, దానికీ ఎవరో ఒకరు ఏదో ఒకటి అంటారు. సముద్రం ఫొటో పెట్టేస్తా.

‘తొక్కుదాం’ ఖాయం చేశా. ఆఫీసరు గారికి పెన్నాగట్టు గారి మెసేజీ చదివి వినిపించా. “పెన్నా పరవళ్ళు తొక్కినప్పుడు లేని అభ్యంతరం నాకెందుకు” అని ఒప్పుకున్నారు. టిఫిన్లు కూడా ఖాయం. అందరికీ థ్యాంక్స్.

ఒక్క సందేహం మిగిలింది. మా బ్యాచ్‌లో ఒకాయన బ్యాటరీ సైకిలు తెస్తానంటున్నాడు. ఆయన తొక్కినట్టా, తోలినట్టా? మెట్టపొలం అన్న లెక్క ప్రకారం తేల్చండి.


మెట్టపొలం · ఉదయం 9:12

దీనికి పాత తీర్పే ఉంది. మోపెడ్లు గుర్తుండాయా? లూనా 1972లో వచ్చింది, టీవీఎస్ 50 1980లో. పెడళ్ళుండేవి. మా ఊళ్ళో పాల క్యాన్లన్నీ వాటి మీదే. స్టాండు మీద పెట్టి తొక్కి స్టార్ట్ చేసేది, ఎక్కి తోలేది. పెట్రోలు అయిపోతే మళ్ళీ తొక్కుకుంటూ ఇంటికి. ఒకే బండి, ఒకే మనిషి. పెట్రోలు ఉన్నంతవరకు తోలడం, అయిపోతే తొక్కడం. మీ బ్యాటరీ సైకిలాయన కూడా అంతే. పోయేటప్పుడు తోలతాడు, చార్జింగ్ అయిపోతే వచ్చేటప్పుడు తొక్కుతాడు. అవి బరువు కూడా జాస్తి, పాపం.


బెంగళూరు_నెల్లూరోడు · ఉదయం 9:30

అంత సులువు కాదన్నా. నా దగ్గర ఒకటుంది. నాదాంట్లో పెడల్ తొక్కుతుంటేనే మోటారు సాయం చేస్తుంది, కాలు ఆపితే అదీ ఆగుతుంది. రెండు సత్తువలూ ఒకేసారి. మోటారు 250 వాట్ల లోపు, వేగం గంటకు పాతిక కిలోమీటర్ల లోపు ఉంటే రిజిస్ట్రేషనూ లైసెన్సూ అక్కర్లేదు, చట్టం దాన్ని మోటారు వాహనంగానే లెక్కపెట్టదు. అంటే సర్కారు లెక్కలో నేను తొక్కేవాణ్ణే. ట్రంకు రోడ్డు మీద పోలీసాయన ఆపితే “తోలట్లేదు సార్, తొక్కుతున్నా” అని చెప్పుకుంటా.


మెట్టపొలం · ఉదయం 9:41

చట్టం అంటే అంటుంది గానీ, చెమట పట్టిందా లేదా? అది చెప్పు.


బెంగళూరు_నెల్లూరోడు · ఉదయం 9:43

పట్టలా.


మెట్టపొలం · ఉదయం 9:44

తోలినట్టే.


చీరాల_నాడె · ఉదయం 10:20

రిక్షా మాటేంది మరి? మొదట మనిషి ముందు నడిచి లాగే రిక్షాలుండేవి కదా. తర్వాత సైకిల్ రిక్షా వచ్చి తొక్కడమైంది. అయినా ‘రిక్షా లాగి పిల్లల్ని చదివించాడు’ అనే మాట మాత్రం పోలా. ‘రిక్షా తొక్కి’ అనీ అంటారు. పాత పని పోయినా పాత మాట కొంతకాలం ఉంటుంది.

మగ్గం గుంటలో మా నాయన కాళ్ళు కూడా పొద్దస్తమానం చెక్కలు మార్చి మార్చి తొక్కుతూనే ఉంటాయి. అయినా ‘మగ్గం తొక్కుతున్నాడు’ అనరు. నేస్తున్నాడు అంటారు. అక్కడ చేతి పని మీద చూపు ఎక్కువ కాబట్టేమో. కారు విషయంలోనూ అంతే. తోలేవాడు బ్రేకు తొక్కుతాడు, క్లచ్ తొక్కుతాడు. కారుని మాత్రం తొక్కడు. మోటారు సైకిలుకు కిక్కు కొడతాడు, కాలితోనే అయినా తొక్కడు. కాబట్టి కాలు ఉంటే తొక్కడం అనే లెక్క అన్ని చోట్లా పనికిరాదు.


మెట్టపొలం · ఉదయం 10:34

కిక్కు ఒక్క దెబ్బ, అందుకని కొట్టడం. తొక్కడమంటే మళ్ళీ మళ్ళీ, ఆగకుండా. బ్రేకుకు ఇది సరిపోదు, ఒప్పుకుంటా. అక్కడ బరువు మోపడమే తొక్కడం, పాము తోక తొక్కినట్టు.


కుట్టుమిషను (కావలి) · ఉదయం 11:15

రాత్రి నుంచి చదువుతున్నా, పని మధ్యలో. అన్నలందరూ ఎద్దులు, లారీలు, కపిల అంటున్నారు. మా సంగతి ఎవరూ చెప్పలా.

మా కాలంలో ఆడపిల్ల సైకిల్ తొక్కితే వీధంతా చూసేది. తొంభైలలో తమిళనాడు పుదుక్కోట్టలో అక్షరాస్యత ఉద్యమంలో ఆడవాళ్ళకు చదువుతోపాటు సైకిలు కూడా నేర్పించారని తర్వాత తెలిసింది. మన జిల్లాలో అదే రోజుల్లో చదువు నేర్చుకున్న ఆడవాళ్ళు దూబగుంటలో సారా మీద తిరగబడ్డారు, 1993 అక్టోబరులో సారా ఆగింది. మనకు సైకిలు మాత్రం ఆలస్యంగా వచ్చింది. ‘బడికొస్తా’ పథకంలో తొమ్మిదో తరగతి ఆడపిల్లలకు సైకిళ్ళు ఇచ్చినప్పుడు మా పాప తెచ్చుకుంది. ‘సైకిలేసుకొని వస్తానమ్మా’ అని పోయేది. తొక్కుతున్నానని ఎప్పుడూ అనలా. గాలిపంపు అన్న చెప్పింది నిజమే, దానికి కష్టం అనిపించలా.

నేను మాత్రం తొక్కుతానే ఉండా, మిషను. ‘ఆమె మిషను తొక్కి బతుకుతుంది’ అనే అంటారు మమ్మల్ని. ‘కుట్టి’ అని కూడా అంటారు గానీ, జాలిగా చెప్పేటప్పుడు తొక్కి అంటారు.


మైపాడు_రోడ్డు · ఉదయం 11:28

అక్కా, మరి ఇప్పుడందరూ మోటారు పెట్టించుకుంటున్నారు కదా. మెట్టపొలం అన్న లెక్క ప్రకారం మోటారు వస్తే తోలడమో నడపడమో కావాల. మీరేమంటారు?


కుట్టుమిషను · ఉదయం 11:52

నాకూ మోటారుంది తమ్ముడూ. కాలి బొటనవేలితో అట్టా నొక్కితే చాలు, తిరుగుతుంది. అయినా ‘మిషను తొక్కుతున్నా, తర్వాత ఫోన్ చెయ్’ అనే అంటా. మా లైన్లో ఎవరూ ‘మిషను తోలుతున్నా’ అనడం నేను వినలా. జాకెట్లు ఇయ్యాల్సిన రోజున కరెంటు పోతే మోటారు బెల్టు తీసి పాత బెల్టు ఎక్కిస్తాం, అప్పుడు నిజంగానే తొక్కుతాం. మెట్టపొలం అన్నకు చెప్పండి, చెమట మాత్రం రెండిట్లోనూ పడుతుంది, ఫ్యాను గాలికి గుడ్డ ఎగురుతుందని దాన్ని ఆపేస్తాం కాబట్టి.